గుడారాల భత్యం

బందరు వాళ్ళకు పుట్టుకతో వచ్చే జబ్బు ఒకటుంది. ఊరికి రావలసిన పేరు రాలేదన్న బెంగ. రేవు పోయిందని బెంగ, పెద్ద రైళ్ళన్నీ బెజవాడ మీదుగానే పోతాయని బెంగ, పట్టాభి గారు 1923లో పెట్టిన ఆంధ్రా బ్యాంకు 2020లో పేరు కూడా మిగలకుండా యూనియన్ బ్యాంకులో కలిసిపోయిందని బెంగ. లడ్డూ, కలంకారీ, చిలకలపూడి రోల్డుగోల్డు తప్ప చెప్పుకోవడానికి ఏముంది అంటారు. ఉంది. మీరట్ తిరుగుబాటు కంటే 48 ఏళ్ళు ముందు, 1809లో, బందరు కోటలో పటాలం తిరగబడి తన కర్నలునే నిర్బంధించి గుమ్మం దగ్గర కాపలా పెట్టింది. ఇంత ఘనకార్యానికి ఒక తోరణం లేదు, ఒక విగ్రహం లేదు, కోనేరు సెంటర్లో ఒక ఫ్లెక్సీ అయినా లేదు.

లేకపోవడానికి కారణం ఉంది. తిరగబడింది దొరలు. అదీ దేశం కోసమో ధర్మం కోసమో కాదు, గుడారాల డబ్బు కోసం.

కంపెనీ హయాంలో మద్రాసు సైన్యంలో సిపాయి పటాలాలను నడిపే తెల్ల అధికారులకు జీతం కాక గుడారాల కాంట్రాక్టని ఒక భత్యం ముట్టేది. యుద్ధం ఉన్నా లేకపోయినా, గుడారం వేసినా వేయకపోయినా, నెల తిరిగేసరికి డబ్బు చేతిలో పడాల్సిందే. సొంతింట్లో ఉంటూ ఇంటద్దె భత్యం తీసుకునే మహానుభావులకు మూలపురుషులు వీళ్ళే కాబోలు. క్వార్టర్ మాస్టర్ జనరల్ జాన్ మన్రో లెక్కలు చూసి, ఈ పద్ధతిలో అధికారి లాభమూ సైన్యం మంచీ ఒకదారిన నడవడం లేదని రాశాడు. (మంత్రాలయం కథలో వచ్చే మన్రో ఈయన కాదు, ఆయన థామస్. ఈయనకు ఏ స్వామీ కనిపించలేదు, లెక్కలే కనిపించాయి.) 1808లో భత్యం రద్దయింది. దొరలకు పరువు పోయింది. డబ్బు పోయిందని ఎవరూ అనలేదు సుమండీ, పరువే పోయిందన్నారు. సర్వసైన్యాధిపతి మాక్డోవల్ అయితే మన్రోను అరెస్టు చేయించాడు కూడా.

1809 మే 7న లెఫ్టినెంట్ కర్నల్ ఇన్నిస్ బందరులో దిగాడు, మద్రాసు యూరోపియన్ రెజిమెంటుకు కొత్త అధిపతిగా. మే నెల బందరు ఉక్కపోత సంగతి మనకు ఒకరు చెప్పాలా? ఆ ఉక్కలో బిగించిన ఎర్రకోట్లతో మెస్సులో విందు. భోజనాలయ్యాక ఒకాయన గ్లాసెత్తి ‘సైన్యం మిత్రులకు’ అన్నాడు. ఆ మిత్రులంటే గవర్నరు బార్లోతో తగాదా పడి పదవులు పోగొట్టుకున్నవాళ్ళని బల్ల చుట్టూ కూర్చున్న అందరికీ తెలుసు. ఇన్నిస్‌కీ తెలుసు. ‘మద్రాసు సైన్యానికి’ అని మార్చి తాగుదాం అని బతిమాలాడు. కుదరదన్నారు. కొత్త కర్నలు లేచి వెళ్ళిపోయాడు, జరిగింది పైకి రాశాడు. మైట్లండ్ అనే లెఫ్టినెంటుకు క్వార్టర్ మాస్టరు పదవి ఊడింది. ఫోర్బ్స్ అనే ఇంకో లెఫ్టినెంటును కొండపల్లికి పంపేశారు. అంటే రాజద్రోహపు గ్లాసెత్తినందుకు పడిన శిక్ష, బొమ్మల ఊరికి బదిలీ. ఈరోజుల్లో ఎమ్మెల్యే మాట వినని తాసీల్దారుకు పడేది ఇంతకంటే పెద్దది.

తరవాత మద్రాసు నుంచి ఇంకో ఉత్తరువు వచ్చింది, కొందరు సోల్జర్లను ఓడల మీదికి పంపమని. రెజిమెంటును ముక్కలు చేసే కుట్ర అన్నారు దొరలు. జూన్ 25న ఇన్నిస్‌ను నిర్బంధించి, మేజర్ స్టోరీని నాయకుణ్ణి చేసుకున్నారు. హైదరాబాదు, జాల్నాల్లో ఉన్న పటాలాలతో కలిసి మద్రాసు మీదికే నడుద్దామని మంతనాలు. అధిపతిని బంధించడం, ప్రభుత్వం మీదికి దండెత్తాలనుకోవడం: ఏ దేశపు సైనిక చట్టం తిరగేసినా దీనికి ఒకటే శిక్ష. మద్రాసు ప్రభుత్వం ఏం చేసిందయ్యా అంటే, అందరికీ కావలసినవాడు, మాటకారి అయిన జాన్ మాల్కంను రాయబారిగా పంపింది. ఆయన వచ్చాడు, వాళ్ళ బల్ల దగ్గరే కూర్చున్నాడు, వాళ్ళ బాధలు విన్నాడు, బుజ్జగించాడు. అలిగిన అల్లుడి దగ్గరికి మేనమామను పంపినట్టు.

ఇక వెల్లూరుకు వద్దాం. ఎక్కువ దూరం పోనక్కర్లేదు, అదే మద్రాసు సైన్యం, మూడేళ్ళ ముందు మాట. నుదుటి బొట్టు చెరుపుకోండి, గడ్డాలు గీయించుకోండి, తోలు తురాయి కుట్టిన కొత్త తలపాగా పెట్టుకోండి అని 1805 నవంబరులో ఉత్తరువు. 1806 మేలో కొందరు సిపాయిలు పెట్టుకోం అన్నారు. గ్లాసెత్తలేదు, కర్నలును బంధించలేదు, తలపాగా పెట్టుకోం అన్నారు, అంతవరకే. ఒక హిందువుకూ ఒక ముసల్మానుకూ తలా 900 కొరడా దెబ్బలు వేసి వెళ్ళగొట్టారు. ఇంకో 19 మందికి 500 చొప్పున విధించి, క్షమాపణ చెప్పించుకుని వదిలారు. తొమ్మిది వందలు ఒకసారి లెక్కపెట్టి చూడండి, నోటితోనే. మూడు వందల దగ్గర మీకే విసుగు పుడుతుంది. కొట్టేవాడికి పుట్టలేదు.

జూలై 10 తెల్లవారుజామున వెల్లూరు కోటలో సిపాయిలు తిరగబడ్డారు. 14 మంది అధికారులు, 115 మంది తెల్ల సోల్జర్లు చనిపోయారు. చిన్న విషయం కాదు, నిద్రలో ఉన్నవాళ్ళనూ చంపారు. ఆర్కాటు నుంచి గిలెస్పీ గుర్రపు దళంతో వచ్చి పడ్డాడు. మహలులో దాక్కున్న వంద మంది దాకా సిపాయిలను బయటికి ఈడ్చి, గోడకు నిలబెట్టి కాల్చేశారు. విచారణ లేదు, మాల్కం లేడు. ఆ పూట చచ్చిన సిపాయిలు మూడు వందల యాభై దాకా అని తక్కువ లెక్క వేసేవాళ్ళు చెప్పేది. తరవాత తీరిగ్గా జరిపిన విచారణల్లో ఆరుగురిని ఫిరంగి మూతికి కట్టి పేల్చారు, ఐదుగురిని కాల్చారు, ఎనిమిది మందిని ఉరితీశారు, ఐదుగురిని ద్వీపాంతరం పంపారు.

బందరు లెక్క ఎలా తేలింది? గవర్నర్ జనరల్ మింటో స్వయంగా మద్రాసు వచ్చి, సెప్టెంబరులో అందరికీ క్షమాభిక్ష ప్రకటించాడు, ఇరవై చిల్లర మందిని మినహాయించి. వాళ్ళలో బెల్, డవ్‌టన్, స్టోరీలను కోర్టు మార్షల్లో నిలబెట్టారు. బెల్‌కూ స్టోరీకీ ఉద్యోగం పోయింది. డవ్‌టన్ నిర్దోషి. మిగిలినవాళ్ళకు విచారణ కావాలా, ఉద్యోగం వదులుకుంటారా అని అడిగి, వాళ్ళు కోరుకున్నదే ఇచ్చారు. ఆ పోయిన ఉద్యోగాలు కూడా చాలామందికి తరవాత తిరిగొచ్చాయి. వడ్డించేవాడు మనవాడైతే కడబంతిలో కూర్చున్నా ఫరవాలేదని మనవాళ్ళు ఊరికే అనలేదు. ఒక్క దొర మెడకూ తాడు పడలేదు. ఒక్క దొర వీపు మీదా కొరడా లేవలేదు.

మరి రక్తమే కారలేదా అంటే కారింది. ఎవరిదో ఊహించడానికి బహుమతులేమీ లేవు. శ్రీరంగపట్నంలో తిరగబడిన దొరలకు సాయంగా చిత్రదుర్గం నుంచి రెండు సిపాయి పటాలాలు బయల్దేరాయి. నడిపించింది వాళ్ళ తెల్ల అధికారులు. ఎందుకు నడుస్తున్నారో సిపాయిలకు చెప్పారో లేదో గాని, ఆగస్టు 11న ప్రభుత్వ పక్షపు డ్రాగన్లు, మైసూరు రౌతులు మీద పడేసరికి తెగిపడిందీ చెదిరిపోయిందీ సిపాయిలే. ఆలోచించండి. తనకు ఒక్క కాసు రాని భత్యం కోసం, తన గుడారం కాని గుడారం కోసం, తాను చేయని తిరుగుబాటులో ఒక సిపాయి చచ్చాడు. అటువైపు గవర్నరు బార్లో ఏం చేశాడంటే, దొరలను నమ్మలేక సిపాయిల సుబేదార్లను పిలిపించి, మీ విధేయత అధికారికి కాదు సర్కారుకు అని చెప్పించాడు. సిపాయిలు సరేనన్నారు. వెల్లూరులో మూడేళ్ళ కింద గోడకు నిలబెట్టిన జాతే కంపెనీని గట్టెక్కించింది. దానికి బహుమానంగా గుడారాల భత్యం సిపాయిలకు రాసిచ్చి ఉంటారని అనుకునే అమాయకులు డెల్టాలో ఎవరూ లేరనుకుంటాను.

ఇలాంటి లెక్క ఇంకోటి సముద్రం అవతల ఉంది. అమెరికా అంతర్యుద్ధంలో తెల్ల సోల్జరుకు నెలకు 13 డాలర్లు. నల్ల సోల్జరుకు 10, అందులో బట్టలకని 3 కోత, చేతికొచ్చేది 7. తుపాకి అదే, తూటా అదే, పట్టుబడితే నల్లవాణ్ణి శత్రువు బానిసగా అమ్మేస్తాడన్న అదనపు సౌకర్యం కూడా ఉంది. మూడో సౌత్ కరోలినా పటాలంలో సార్జెంట్ విలియం వాకర్ 1863 నవంబరులో తన మనుషులను తీసుకెళ్ళి కెప్టెన్ గుడారం ముందు తుపాకులు కింద పెట్టించాడు. సమాన జీతం ఇస్తామని చేర్చుకున్నారు, ఇవ్వనప్పుడు మేం సైనికులం కాము అన్నాడు. బందరు దొరలు డబ్బు కోసం తుపాకులు ఎత్తారు, వాకర్ డబ్బు కోసం తుపాకి దించాడు. దించడమే తిరుగుబాటు అయింది. 1864 ఫిబ్రవరి 29న ఫైరింగ్ స్క్వాడ్ ముందు నిలబెట్టి చంపారు. జూన్‌లో, అంటే నాలుగు నెలలకు, అమెరికా కాంగ్రెస్ జీతాలు సమానం చేసింది. ఆయన అడిగింది న్యాయమేనని ఒప్పుకున్నట్టేగా. కాకపోతే కాల్చేశాక ఒప్పుకుంది.

ఎనభై ఏళ్ళ తరవాత కూడా అదే వరస. 1944 జూలై 17న కాలిఫోర్నియాలో పోర్ట్ షికాగో రేవులో బాంబులు ఎక్కిస్తున్న ఓడలు పేలి 320 మంది పోయారు, 202 మంది నల్లవాళ్ళు. ఎక్కించే పని నల్లవాళ్ళది, అజమాయిషీ తెల్లవాళ్ళది. బతికి బయటపడ్డ తెల్ల అధికారులను సెలవు మీద ఇళ్ళకు పంపారు. నల్లవాళ్ళను ఇంకో రేవుకు పంపి, మళ్ళీ బాంబులు ఎక్కించమన్నారు. జాగ్రత్తలు చెప్పకుండా ఎక్కించం అన్నవాళ్ళలో 50 మందికి తిరుగుబాటు నేరం కింద శిక్ష పడింది. నౌకాదళం ఆ శిక్షలు తప్పని ఒప్పుకోవడానికి 2024 జూలై దాకా పట్టింది. ఎనభై ఏళ్ళు. ఆ ఒప్పుకోలు వినడానికి శిక్ష పడినవాళ్ళెవరూ మిగల్లేదు.

హ్యూస్టన్ సంగతి మరీ మనది. గుడివాడ, పామర్రు, ఉయ్యూరు కుర్రాళ్ళు సగం మంది అక్కడే ఇళ్ళు కొన్నారు గనక అది మన మండలంలో ఊరే. అక్కడ 1917 ఆగస్టు 23 రాత్రి, పోలీసుల దెబ్బలు భరించి భరించి విసిగిన 24వ పదాతి దళపు నల్ల సైనికులు తుపాకులతో ఊళ్ళోకి నడిచారు. జనమూ పోలీసులూ చచ్చారు, అది దాచాల్సిన పనిలేదు. కోర్టు మార్షల్ పెట్టి, డిసెంబరు 11 పొద్దు పొడవకముందే 13 మందిని ఉరితీశారు. శిక్ష వేసిన సంగతి బయటి ప్రపంచానికి ఉరి తీశాకే తెలిసింది, వాషింగ్టన్లో పైవాళ్ళు కాగితాలు చూడడానికి కూడా వ్యవధి ఇవ్వలేదు. తరవాత ఇంకో ఆరుగురు. 2023 నవంబరులో అమెరికా సైన్యం ఆ శిక్షలన్నిటినీ కొట్టేసి, విచారణ న్యాయంగా జరగలేదంది. సంక్రాంతికి హ్యూస్టన్లో కమ్మ సంఘం ముగ్గులపోటీ, కాపు సంఘం వనభోజనాలు పెట్టుకునే మనవాళ్ళు అక్కడి నల్లవాళ్ళ పేట దాటేటప్పుడు కారు అద్దాలు ఎత్తేస్తారు. వచ్చిన దేశంలో మొట్టమొదట వంటబట్టేది ఏదో చెప్పడానికి ఇంకేం కావాలి?

అసలు బందరు కోటలోనే నల్ల సైనికులు చచ్చారు. 1759 ఏప్రిల్ 7 అర్ధరాత్రి కర్నల్ ఫోర్డ్ ఫ్రెంచివాళ్ళ నుంచి ఈ కోటను పట్టుకున్నప్పుడు, చీకట్లో బురుజుల మీద దాడి నడిపించిన కెప్టెన్ యార్క్‌కు చెరో పక్కా ఇద్దరు నల్ల కుర్రాళ్ళు డ్రమ్ములు కొడుతూ నడిచారు. ఎదురుగా ఫిరంగి పేలింది. యార్క్ రెండు తొడల్లోనూ గుండ్లు దిగాయి. కుర్రాళ్ళిద్దరూ అక్కడికక్కడే చచ్చారు. యార్క్ ఏ తొడకు ఏ గాయమో చరిత్రకారులు వివరంగా రాశారు. ఆ పిల్లల పేర్లు రాయలేదు. ఆఫ్రికా నుంచి కొనుక్కొచ్చినవాళ్ళో, మన తీరం వాళ్ళో కూడా చెప్పలేదు. అప్పటి ఇంగ్లీషువాడి కంటికి మొజాంబికు నలుపూ మంగినపూడి నలుపూ ఒకటే. ఆ దాడిలో కంపెనీ వైపు దెబ్బతిన్న తెల్లవాళ్ళు ఎనభై పైచిలుకు, సిపాయిలు రెండు వందలు. కోటా, దాని వెనకే మచిలీపట్నం సర్కారూ మాత్రం ఎవరి ఖాతాలో పడ్డాయో తెలిసిందే.

1864 నవంబరు ఉప్పెన ముప్పై వేల ప్రాణాలు తీసుకుపోయాక బందరులో పటాలం ఎత్తేశారు. ఆ తరవాత ఇంకో ఉప్పెన వచ్చింది, అది కాగితం మీద. 1881 నుంచి 85 దాకా మద్రాసు సైన్యాన్ని ఏలిన రాబర్ట్స్ దొర దక్షిణాది వాళ్ళలో పౌరుషం చచ్చిందని తేల్చాడు. పోరాడే జాతులు వేరు, మనం వేరు. 1756లో క్లైవు బెంగాలుకు తీసుకుపోయిన సిపాయిలను చూసి ఉత్తరాది వాళ్ళు సిపాయిలందరినీ తిలంగాలనే పిలిచారు మరి, ఆ తిలంగాలు వందేళ్ళలో పిరికివాళ్ళు ఎలా అయ్యారో దొరనే అడగాలి. మద్రాసు పటాలాల్లో తెలుగువాళ్ళను తీసేసి పంజాబు వాళ్ళనూ గూర్ఖాలనూ నింపారు. పదో మద్రాసు పదాతి దళం కాస్తా పదో గూర్ఖా రైఫిల్స్ అయిపోయింది. ఊళ్ళో చావడి మెట్టు ఎక్కనివ్వని కులాలవాళ్ళు ఆ పటాలాల్లో చేరి బూటు తొడిగి, తుపాకి పట్టి, సుబేదారు దాకా ఎదిగిన రోజులు ముందు ఉండేవి. కొత్త సిద్ధాంతంలో వాళ్ళకు మొదట తలుపు మూసుకుంది. అంబేడ్కర్ తండ్రి సుబేదారు, ఆయన కులం మహర్‌లకు 1890లలో చేరిక ఆపేశారు. మళ్ళీ ప్రపంచయుద్ధం వచ్చి మనుషులు చాలనప్పుడు 1943లో చమార్ రెజిమెంటు పుట్టింది, అవసరం తీరాక 1946లో రద్దయింది. పౌరుషం రేషన్ కార్డు మీద సరుకన్నమాట, కొరత వస్తే అందరికీ, నిలవ ఉంటే కొందరికే.

మన పింగళి వెంకయ్య గారు, భట్లపెనుమర్రులో పుట్టి దివిసీమ పెదకళ్ళేపల్లిలో చదువుకున్నవాడు, పందొమ్మిదో ఏట బోయర్ యుద్ధానికి పోయాడని పాఠ్యపుస్తకాల దగ్గర్నుంచీ చెబుతారు. పుట్టిన ఏడు 1876 అయితే ఆ వయసుకు ఆ యుద్ధం ఇంకా మొదలే కాలేదు, అది పక్కన పెడదాం. ఆ యుద్ధంలో ఒక నియమం ఉండేది. అది తెల్లవాళ్ళ యుద్ధం. తెల్లవాణ్ణి తెల్లవాడే చంపాలి, భారతీయుడు తుపాకి పట్టి తెల్లవాడి మీద గురిపెట్టకూడదు. గుర్రాలు తోమవచ్చు, నీళ్ళు మోయవచ్చు, బట్టలు ఉతకవచ్చు, గాంధీ గారిలా స్ట్రెచర్లు మోయవచ్చు. చావవచ్చు కూడా. చంపే హక్కు మాత్రం తెల్లవాడిదే. 1914లో జర్మనీవాడు ఫ్రాన్సు మీద పడేసరికి ఆ నియమం ఎటు పోయిందో, భారతీయులను ఓడలకెత్తి ఫ్రాన్సులో దించారు. గాయపడి బ్రైటన్ ఆసుపత్రికి చేరినవాళ్ళ చుట్టూ ముళ్ళకంచె వేశారు, ఇంగ్లీషు ఆడవాళ్ళ దగ్గరికి పోకుండా. ఇక 1918లో అమెరికా నల్ల పటాలాలు ఫ్రాన్సుకు వస్తే, వాళ్ళను మరీ మెచ్చుకోవద్దనీ, చేతులు కలపడం లాంటి చనువు ఇవ్వద్దనీ ఫ్రెంచి అధికారులకు రహస్య సూచన వెళ్ళింది. ఇద్దరు దొరలు, ఒకే కలం.

అధికారి పదవుల దగ్గర కూడా అంతే. 1917 దాకా భారతీయుడికి రాజు ఇచ్చే కమిషన్ లేదు. ఇచ్చాక ఇంకో చిక్కు: రేపు నల్లవాడు పైవాడైతే తెల్ల సబాల్టర్న్ సెల్యూట్ కొట్టాలి కదా! 1923లో ఎనిమిది పటాలాలను వేరు చేసి, భారతీయ అధికారులందరినీ వాటిలో కుక్కారు. మద్రాసు పయనీర్లలో ఒక పటాలం ఆ ఎనిమిదిలో ఉంది. అదే 1917లో, వెస్ట్ పాయింట్ పాసైన మూడో నల్లవాడు చార్లెస్ యంగ్‌ను ఆరోగ్యం బాలేదని ఇంటికి పంపారు. ఆయన కింద పనిచేయడం ఒక తెల్ల లెఫ్టినెంటుకు ఇష్టం లేకపోయింది, అదీ ఆరోగ్యం. ఆయన ఒహాయో నుంచి వాషింగ్టన్ దాకా దాదాపు 500 మైళ్ళు గుర్రమెక్కి వెళ్ళి తన ఆరోగ్యం చూపించుకున్నాడు. బ్రిగేడియర్ జనరల్ పదవి వచ్చింది, 2022లో. ఆయన పోయి అప్పటికి వందేళ్ళు.

తెల్లవాడి పాపాల చిట్టా చదువుతుంటే మనకు కడుపు నిండిపోతుంది, ఆవులింత కూడా వస్తుంది. మరి మన చిట్టా? ఢిల్లీలో రాష్ట్రపతి అంగరక్షక దళం ఉంది. వారెన్ హేస్టింగ్స్ 1773లో పెట్టిందే, గుర్రాలు, బల్లేలు, ఎర్రకోట్లు. 1800 నుంచి అరవై ఏళ్ళు దాని రౌతుల్లో ఎక్కువమంది మద్రాసు ప్రెసిడెన్సీ వాళ్ళు. ఇప్పుడు అందులో చేరాలంటే జాట్, జాట్ సిక్కు, రాజపుత్ అయివుండాలి. ఇదేదో పుకారు కాదు, 2013లో సైన్యమే సుప్రీంకోర్టుకు రాసిచ్చింది. వివక్ష కాదట, విధుల అవసరమట. ఊరేగింపులో అందరూ ఒకే ఎత్తు, ఒకే ఒడ్డూ పొడుగూ, ఒకే వాలకంలో కనిపించాలట. రాజ్యాంగం చేత పట్టుకుని ప్రమాణం చేసే రాష్ట్రపతి చుట్టూ మూడు కులాల గుర్రపు దండు. ఏ అవనిగడ్డ కుర్రాడో ఆరడుగులు దాటి ఎదిగి, గుర్రపుస్వారీ నేర్చుకుని, రైలెక్కి వెళ్ళాడనుకోండి. ఎత్తు కొలుస్తారు, సరిపోతుంది. ఛాతీ కొలుస్తారు, సరిపోతుంది. తరవాత కొలిచేదానికి టేపు అక్కర్లేదు.